ఇరవై మూడు ఇళ్ళ నిశ్శబ్దం

మొదటిరోజు ఆ సందులో అందరూ అడిగింది ఒక్కటే ప్రశ్న. "హీరో ఎవరమ్మా?"

"మీరే" అంది ఆమె.

"మరి పాటలున్నాయా?" అన్నాడు మంచం మీద కూర్చున్న ముసలి మేస్త్రి. చుట్టూ ఉన్నవాళ్ళు ఘొల్లున నవ్వారు. ఆమె కూడా నవ్వింది. ఇరవయ్యేళ్ళుగా డాక్యుమెంటరీలు తీస్తున్న మనిషికి ఇవేం కొత్త ప్రశ్నలు కావు. నలభై ఐదు దాటినా, ఎక్కడికి వెళ్ళినా ఆమెను 'సినిమా అమ్మాయి' అనే పిలుస్తారు. సాయంత్రమయ్యేసరికి ఇక్కడా అదే ఖాయమైంది. వెంట వచ్చిన సౌండ్ రికార్డిస్టు మెడలో ఎప్పుడూ హెడ్‌ఫోన్లు వేలాడుతుంటాయి కాబట్టి ఆయనకి 'చెవులాయన' అని పెట్టారు. ఆ ఇద్దరే. మందీ మార్బలంతో దిగితే మనుషులు బిగుసుకుపోతారని ఆమె అనుభవం.

మూతపడిన ఐస్ ఫ్యాక్టరీ వెనక తలుపుకి ఎదురుగా సన్నటి సందు. సందుకి అటు పన్నెండు, ఇటు పన్నెండు క్వార్టర్లు. ఫ్యాక్టరీ నడిచినన్నాళ్ళూ ఆ తలుపు కిందనుంచి చల్లటి నీళ్ళు సన్నగా పారుతూ ఉండేవట. నడివేసవిలో కూడా చెప్పుల్లేకుండా నడిస్తే కాళ్ళు జివ్వుమనేవట. పద్నాలుగేళ్ళ కిందట ఒక మధ్యాహ్నం లోపల, ముందు తలుపు వైపు గ్యాస్ పైపు పగిలింది. ముగ్గురు బయటికి రాలేకపోయారు. ఇద్దరు మెషిన్ మీద పనిచేసేవాళ్ళు. పనికోసం ఎక్కడినుంచో వచ్చినవాళ్ళు, వెనకా ముందూ ఎవరూ లేనివాళ్ళు. మూడో మనిషి ఈ సందులోదే. ఐస్ డబ్బాల్లో నీళ్ళు నింపే ఆవిడ. అందరికీ డబ్బాలక్క.

ఆ రోజుతో ఫ్యాక్టరీ మూసేశారు. పనులు పోయాయి. మనుషులు మాత్రం ఆ ఇళ్ళని వదల్లేదు.

వాళ్ళ కథ వాళ్ళ నోటనే చెప్పించాలని సినిమా అమ్మాయి పంతం. ఎవరి బతుకు మీదో ఇంకెవరి గొంతుతోనో వ్యాఖ్యానం పెట్టడం ఆమెకి గిట్టదు. అందర్నీ కూర్చోబెట్టి అదే చెప్పింది. "మీరు చెప్పినవన్నీ కోసి అతికించి, ముందు మీకే చూపిస్తా. వద్దన్న ముక్క తీసేస్తా. మీరందరూ ఊ అంటేనే బయటికి వెళ్తుంది. ఈ సినిమా నాది కాదు, మీది."

"అంటే ఏది ఉండాలో ఏది ఉండకూడదో మా ఇష్టమేనా?" అన్నాడు మేస్త్రి.

"మీ ఇష్టమే."

మేస్త్రి చుట్టూ ఉన్నవాళ్ళ మొహాలు ఒకసారి చూశాడు. తర్వాత తల ఊపాడు.

రోజుకి రెండిళ్ళు, మూడిళ్ళు. ఎవరికి తీరితే వాళ్ళింట్లో. కుర్చీ వేయడం, కిటికీ పక్కకి జరపడం, ఫ్యాను ఆపడం. చెమటలు కారుతుంటే నవ్వుకుంటూ మాట్లాడేవాళ్ళు. మొదట్లో తడబడినా, ఐస్ దిమ్మల్ని కొక్కేలతో లాగడం దగ్గరికొచ్చేసరికి చేతులు వాటంతటవే గాల్లో ఆడేవి. చేతివేళ్ళు తిమ్మిరెక్కి అన్నం ముద్ద కలపలేకపోవడం, ఎండలో తెల్లగా మెరిసే దిమ్మ మీద చంటిపిల్లల్ని కూర్చోబెట్టి ఏడిపించడం, అన్నీ చెప్పారు. కథలకేం కొదవ లేదు.

కానీ ఆ మధ్యాహ్నం సంగతి వచ్చేసరికి మాత్రం అందరి గొంతూ ఒకటయ్యేది.

"మేస్త్రి వద్దు వద్దని మొత్తుకున్నా డబ్బాలక్క వినలేదు. వెనక తలుపుకి బయట తాళం పెట్టి, తాళంచెవి నడుముకి కట్టుకుని, ముందునుంచి లోపలికెళ్ళి పడుకుంది. గ్యాస్ కమ్మాక ఎవరేం చేస్తారు? కొంప ముంచింది. తను పోయింది, ఇద్దర్ని తీసుకుపోయింది."

నాలుగో ఇల్లు అయ్యాక చెవులాయన మెల్లగా అన్నాడు. "గమనించావా అమ్మాయ్? 'కొంప ముంచింది'. అందరూ అదే మాట. పాఠం అప్పజెప్పినట్టు."

"పద్నాలుగేళ్ళు కలిసి చెప్పుకున్న కథ బాబాయ్. మాటలు ఒకటే అవుతాయి మరి."

ఆయన మనసు వేరే చోట ఉంది.

ప్రతి గదికీ దానిదైన ఒక నిశ్శబ్దం ఉంటుంది. మాటలు రికార్డు చేశాక, ఎవరూ కదలకుండా, దగ్గకుండా, ఒక నిమిషం పాటు ఆ ఊరికే ఉన్న చప్పుడుని కూడా రికార్డు చేసుకోవాలి. తర్వాత మాటల మధ్య కోతల్ని కప్పడానికి అది కావాలి. మొదటి ఇంట్లో ఆ నిమిషం రికార్డు చేస్తున్నప్పుడే ఆయన మొహం చిట్లించాడు.

"పక్కింట్లో ఎవరో రేకు మీద కొడుతున్నారు. కాస్త ఆపమనండి."

"ఏ చప్పుడూ లేదే!" అంది ఇంటావిడ.

ఆయన హెడ్‌ఫోన్లు తీశాడు. నిజమే. ఏ చప్పుడూ లేదు. మళ్ళీ పెట్టుకున్నాడు. ఉంది. ఇనప రేకు మీద అరచేతులతో బాదుతున్నట్టు. గట్టిగా, గబగబా, ఊపిరి తిప్పుకోకుండా.

వైర్లు మార్చాడు. మైకు మార్చాడు. మూడో ఇంట్లోనూ వినిపించింది, ఏడో ఇంట్లోనూ వినిపించింది. ఆ తర్వాత ఆయన దాని ఊసెత్తడం మానేశాడు. నిమిషం అవగానే హెడ్‌ఫోన్లు తీసి, చెవులు రెండూ గట్టిగా రుద్దుకుని, బయటికొచ్చి నిలబడేవాడు.

సందు చివర్న, ఇరవై నాలుగో ఇంట్లో, డబ్బాలక్క కూతురు ఉంటుంది. పాతికేళ్ళ పిల్ల. కుట్టుమిషనే బతుకుతెరువు. సందులోవాళ్ళు ఎవరూ ఆమెకి బట్టలు ఇవ్వరు. ఆమె గుమ్మం దాటేటప్పుడు మొహం ఇంకో వైపు తిప్పుకుని నడుస్తారు. తిట్టరు, కొట్టరు. అంతే. చూడరు.

సినిమా అమ్మాయి వెళ్ళి అడిగితే, మిషన్ ఆపకుండానే జవాబు చెప్పింది.

"నాకప్పుడు పదకొండేళ్ళు అక్కా. సెలవులకి అమ్మమ్మ దగ్గరున్నా. నేను చూసిందేం లేదు, చెప్పడానికేం లేదు."

"మీ అమ్మ ఎలా ఉండేదో చెప్పొచ్చుగా."

సూది ఆగింది. "చేతులు ఎప్పుడూ చల్లగా ఉండేవి. జ్వరం వస్తే నుదుటి మీద పెట్టేది." మళ్ళీ కదిలింది. "ఇంకేం లేదక్కా. మీరు వెళ్ళండి. ఇక్కడెక్కువసేపు కూర్చుంటే మీతో కూడా మాట్లాడరు."

మిగిలిన ఇరవై మూడు ఇళ్ళూ పూర్తయ్యాయి. రోడ్డు మీద ఒక మేడగది అద్దెకి తీసుకుని ఆమె కోయడం, అతికించడం మొదలుపెట్టింది. మూడు వారాలు పట్టింది. ఆదివారం మధ్యాహ్నం కార్మికుల హాల్లో అందరికీ చూపిస్తామని కబురు పంపారు.

శనివారం పొద్దున పదిగంటలకి చెవులాయన ఆమెని పిలిచి కుర్చీలో కూర్చోబెట్టాడు. తన హెడ్‌ఫోన్లు ఆమె తలకి పెట్టాడు.

"ఏంటి బాబాయ్?"

"నిశ్శబ్దాలు. ఇరవై మూడు ఇళ్ళవీ. తీసిన వరసలో ఒకదాని వెనక ఒకటి అతికించా. విను."

కిటికీ బయట ఎండ ఫెళ్ళున కాస్తోంది. కింద రోడ్డు మీద బస్సులు పోతున్నాయి. ఆమె విన్నది.

మొదటి నిమిషం, రెండో నిమిషం... అరచేతులు. పిచ్చెత్తినట్టు బాదుతున్న అరచేతులు. ఐదో నిమిషం దగ్గర ఒక్కసారి ఆగి, మళ్ళీ. పదో నిమిషానికి ఒక చెయ్యే. దెబ్బకీ దెబ్బకీ మధ్య ఎడం. ఒక ఇంటి చివర మొదలైన దెబ్బ తర్వాతి ఇంటి మొదట్లో పూర్తయింది. ఎక్కడా అతుకు తెలియలేదు. వారం పది రోజుల ఎడంతో, వేర్వేరు గదుల్లో రికార్డు చేసిన చప్పుడు కాదది. ఒకటే చప్పుడు. పద్దెనిమిదో నిమిషం... వేళ్ళు. ఇరవై ఒకటి... గోళ్ళు. రేకు మీద పైనుంచి కిందికి, నెమ్మదిగా జారుతున్న గోళ్ళు.

ఇరవై మూడో నిమిషం నడుమ, అదీ ఆగిపోయింది.

ఆమె హెడ్‌ఫోన్లు తీసి బల్ల మీద పెట్టింది.

"ఇది బయట తాళం పెట్టుకుని లోపల పడుకున్న మనిషి కొట్టిన చప్పుడు కాదమ్మాయ్" అన్నాడు చెవులాయన. "అవతల మనుషులున్నారని తెలిసిన మనిషి కొట్టిన చప్పుడు."

"రేపు ప్రదర్శన" అంది ఆమె. "ఈ చప్పుడు విని ఆపమంటావా? ఇరవై మూడు ఇళ్ళు ఒకే మాట చెప్పాయి. వాళ్ళ కథ వాళ్ళదే అని నేనే అన్నా. ఇప్పుడు కాదనడానికి నేనెవర్ని?"

"ఇరవై నాలుగిళ్ళు కదా" అన్నాడాయన.

ఆమె కిందికి దిగి వెళ్ళిపోయింది.

ఆదివారం హాలు కిటకిటలాడింది. ఎనభై మంది దాకా వచ్చారు. వెనక వరుసల్లో పంతొమ్మిది, ఇరవయ్యేళ్ళ కుర్రకారు ఒకళ్ళనొకళ్ళు మోచేతులతో పొడుచుకుంటున్నారు. బయట వెలుగు రాకుండా కిటికీలకి అట్టలు కొట్టి, నల్లగుడ్డలు వేలాడదీశారు. గోడకి తెల్లదుప్పటి బిగించారు. దుప్పటి పక్కనే, హాలు వెనక వైపు సందులోకి తెరుచుకునే ఇనప తలుపు. దాని సందుల్లోంచి ఎండ గీతలు పడుతుంటే మేస్త్రి తనే లేచి వెళ్ళి, మూసి, గడియ పెట్టి వచ్చాడు.

కూతురికి కూడా కబురు వెళ్ళింది. ఆమె రాలేదు.

దీపాలు ఆర్పారు. మధ్యాహ్నం రెండున్నరకి, ఆ హాల్లో కాటుక చీకటి. చెమట, తలనూనె, నల్లగుడ్డల పాతవాసన. దుప్పటి మీద మొదటి మొహం కనపడగానే కేకలు, ఈలలు. "ఒరేయ్, అద్దంలో కంటే ఇందులోనే బావున్నాడ్రా!" అని ఎవరో అంటే పగలబడి నవ్వారు. ఐస్ దిమ్మల కథలకి ఒక ముసలాయన కళ్ళు తుడుచుకున్నాడు. సినిమా అమ్మాయి పక్కగోడకి ఆనుకుని, తెరని కాకుండా మనుషుల్ని చూస్తోంది. ఈ గంట కోసమే ఆమె ఈ పని చేస్తుంది.

ఆ మధ్యాహ్నం వచ్చింది. తెర మీద ఒకరి తర్వాత ఒకరు.

"కొంప ముంచింది."

"కొంప ముంచింది."

"కొంప ముంచిందమ్మా..."

అప్పుడు మాటలు ఆగిపోయాయి.

బొమ్మ ఆగలేదు. మొహాలు కదులుతూనే ఉన్నాయి, పెదాలు ఆడుతూనే ఉన్నాయి. గొంతు మాత్రం లేదు. చెవులాయన వంగి వైర్లు తడిమాడు. అన్నీ సరిగ్గానే ఉన్నాయి.

ముందు వాసన వచ్చింది.

ముక్కులో సూదులు గుచ్చినట్టు. కళ్ళు మండుతున్నట్టు. సినిమా అమ్మాయికి అదేమిటో తెలియలేదు. హాల్లో ఉన్నవాళ్ళకి ఎవరూ చెప్పక్కర్లేకపోయింది. ఎనభై మంది ఒక్కసారిగా ఊపిరి బిగబట్టారు. ఆ బిగబట్టడం చీకట్లో వినిపించింది.

తర్వాత కాళ్ళకి చల్లగా తగిలింది. నేలమీదుగా ఏదో పాకి వచ్చినట్టు...

డబ్.

ఇనప తలుపు.

డబ్. డబ్. డబ్ డబ్ డబ్ డబ్...

ఈసారి హెడ్‌ఫోన్లు అక్కర్లేదు. అందరికీ వినిపిస్తోంది. తలుపు గడియ దగ్గర అదురుతోంది. వెనక వరుసలో ఎవరో కుర్రాడు "ఎవరది?" అని లేవబోయాడు. వాళ్ళమ్మ చొక్కా పట్టి లాగి కూర్చోబెట్టింది.

"తీయకండి" అందొక ఆడగొంతు. గుసగుసగా.

"తీయొద్దు..." ఇంకో గొంతు.

"పిల్లలున్నారు..." ఇంకొకటి.

దుప్పటి మీది వెలుగులో మేస్త్రి నీడ కనిపించింది. ఆయన ఎప్పుడు లేచాడో తెలియదు. తలుపుకి వీపు ఆనించి నిలబడ్డాడు. దెబ్బ పడినప్పుడల్లా ఆయన తల ముందుకి ఊగుతోంది.

చప్పుడులో ఎడం పెరిగింది. రెండు చేతులు ఒక చెయ్యి అయింది.

చెవులాయన వాచీ చూసుకున్నాడు. సినిమా అమ్మాయి పక్కకి వచ్చి నిలబడ్డాడు. "ఇంకా ఎంతసేపుంటుందో నాకు తెలుసు" అన్నాడు. "నేను తీస్తా."

కదలబోయాడు.

ఆమె ఆయన మణికట్టు పట్టుకుంది. ఎందుకు పట్టుకుందో తర్వాత ఎంత ఆలోచించినా ఆమెకి అర్థం కాలేదు. చెయ్యి దానంతటదే లేచింది. ఆ తలుపు తెరుచుకుంటే అవతల నిలబడింది లోపలికి వస్తుంది. అంతే తోచింది. ఆయన చెవి దగ్గర నోరు పెట్టి, తనకే వినపడనంత మెల్లగా అంది.

"తీయొద్దు."

ఆయన తిరిగి ఆమె వంక చూశాడు. చీకట్లో కళ్ళు కనపడలేదు. అడుగు మాత్రం ముందుకి వేయలేదు.

వేళ్ళు...

గోళ్ళు...

రేకు మీద పైనుంచి కిందికి. నెమ్మదిగా. నేల దాకా.

ఆగిపోయింది.

తెర మీద మొహాలు నోళ్ళు తెరుస్తూ మూస్తూనే ఉన్నాయి. ఎవరూ కదల్లేదు. ఎవరూ దగ్గలేదు. మూడో వరుసలోంచి ఒక మనిషి లేచింది. మేస్త్రి భార్య. ఇంటర్వ్యూలో ముక్తసరిగా నాలుగు మాటలు చెప్పి ఊరుకున్న మనిషి.

"అప్పుడూ ఇంతే" అంది. "ఇంతసేపే కొట్టింది. ఇలాగే ఆగిపోయింది."

"ఊరుకోవే" అన్నాడు మేస్త్రి.

"పద్నాలుగేళ్ళు ఊరుకున్నా." ఆమె సినిమా అమ్మాయి ఉన్న వైపు తిరిగింది. "అమ్మాయ్, తాళం తను పెట్టలేదు. ఈయన పెట్టాడు. తలుపు సందుల్లోంచి తెల్లగా కారుతోంది గ్యాసు. సెలవులు. ఎండకి తలుపులన్నీ బార్లా తీసి పిల్లల్ని నేలమీద పడుకోబెట్టాం. ఆ తలుపు తీస్తే సందు నిండిపోతుంది. ఈయన గొలుసేసి తాళం పెట్టాడు. మేం తడిబట్టలు తెచ్చి కింద కుక్కాం. నేనూ కుక్కా."

వెనక వరుసల్లో కుర్చీ ఒకటి కిర్రుమంది. ఆ మధ్యాహ్నం నేలమీద పడుకున్న పిల్లలు వాళ్ళే.

"పిల్లల్ని చంకనేసుకుని రోడ్డు మీదకి పరిగెత్తాం. అక్కడిదాకా తప్పు లేదనుకో. పిల్లలందరూ రోడ్డెక్కాక, వెనక్కొచ్చి తీయొచ్చు. టైముంది. కొడుతూనే ఉంది. రోడ్డు మీదకి వినపడుతూనే ఉంది. తీద్దామా అని ఎవరూ అనలేదు. ఒకళ్ళ మొహం ఒకళ్ళు చూసుకుంటూ నిలబడ్డాం. పేరు పేరునా పిలిచింది. నన్ను వదినా అని పిలిచింది."

ఆమె కూర్చుంది.

మేస్త్రి తలుపు మీదనుంచి వీపు తీశాడు. గడియ లాగబోయాడు, రాలేదు. చెవులాయన వెళ్ళి లాగాడు. తెల్లటి ఎండ కత్తిలా లోపలికి దిగింది. సందు ఖాళీగా ఉంది. దుమ్ములో ఒక్క అడుగు జాడ లేదు. మండుటెండలో నిప్పులా కాలుతున్న ఇనప తలుపు మీద, బయటివైపు, గుండెల ఎత్తున తెల్లగా మంచు పేరుకుని ఉంది. అరచెయ్యంత మేర. అందరూ చూస్తుండగానే కరిగి, నాలుగు గీతలుగా కిందికి కారింది.

మరుసటిరోజు పొద్దున్నే మేస్త్రి తనే కుర్చీ మోసుకుని మేడగదికి వచ్చాడు. "మళ్ళీ తీయమ్మా" అన్నాడు. "వాసన చల్లారాక లోపలికి మొదట వెళ్ళింది నేనే. తలుపు పక్కనే ఉంది తను. తాళంచెవి తన నడుముకి నేనే కట్టా. ముడి ఎంతకీ పడలేదు. అధికారులకి ఏం చెప్పాలో ఆ సాయంత్రమే అందరం కూర్చుని అనుకున్నాం. 'కొంప ముంచింది' అన్నమాట నేనే అన్నా మొదట."

ఆయన తర్వాత ఇంకొకరు. తర్వాత ఇంకొకరు. కొందరు నాలుగు రోజులు తటపటాయించారు. ఒకింట్లో కొడుకు తండ్రితో మాట మానేశాడు. ఇంకో ఇంట్లో తల్లీ కూతురూ కెమెరా ముందే ఒకరినొకరు పట్టుకుని ఏడ్చారు. ఆఖరికి ఇరవై మూడు ఇళ్ళూ మళ్ళీ చెప్పాయి. ఈసారి ఏ ఇద్దరి మాటలూ ఒక్కలా లేవు. మాటలయ్యాక ఆ నిమిషం రికార్డు చేసేటప్పుడు చెవులాయన కళ్ళు మూసుకుని వినేవాడు. ఎక్కడో కాకి అరిచేది, కుళాయి కారేది, దూరంగా బస్సు పోయేది. అంతకంటే ఏమీ లేదు.

పాత మాటలు తీసేసి కొత్తవి పెట్టడానికి అందరూ ఊ అన్నారు. అయితే సినిమా అమ్మాయి ఈసారి హాల్లో చూపించలేదు. ముందు చూడాల్సిన మనిషి ఒకరున్నారు.

పొద్దున తొమ్మిదింటికి ఇరవై నాలుగో ఇంటికి వెళ్ళింది. కుట్టుమిషన్ బల్ల మీద గుడ్డముక్కలు పక్కకి జరిపి లాప్‌టాప్ పెట్టింది. డబ్బాలక్క కూతురు గంటా పది నిమిషాలు కదలకుండా చూసింది. మేస్త్రి భార్య 'వదినా అని పిలిచింది' అన్నచోట ఒక్కసారి కొంగు నోట్లో కుక్కుకుంది. అయిపోయాక మొహం కడుక్కుని వచ్చింది. ఒప్పుదల కాగితం చదివి, కింద సంతకం పెట్టింది. ఆమె భుజాల మీదనుంచి ఏదో దిగినట్టు అనిపించింది సినిమా అమ్మాయికి. తన గుండె కూడా తేలికపడింది. చాలాకాలం తర్వాత చేసిన మంచిపని అనుకుంది.

"ఏమైనా మార్చాలా? నీకు నచ్చని ముక్క ఉంటే చెప్పు, తీసేస్తా."

"తీసేయడానికేం లేదక్కా. అందరూ ఉన్నది ఉన్నట్టు చెప్పారు." కాగితం మడత పెడుతూ ఆగింది. "తలుపు తీయొద్దన్నవాళ్ళందరూ ఉన్నారు. నువ్వే లేవు."

"నేనా?"

"హాల్లో. చెవులాయన తలుపు తీస్తానని కదిలితే చెయ్యి పట్టుకున్నావంట కదా. చెవిలో తీయొద్దన్నావంట."

బయట ఎవరో సైకిలు బెల్లు కొట్టుకుంటూ పోయారు. ఆ మాట సినిమా అమ్మాయి చెవికే వినపడలేదు. చీకట్లో పక్కనున్నవాళ్ళు కూడా చూసి ఉండరు.

"ఎవరు చెప్పారు? చెవులాయనా?"

ఆ పిల్ల తల అడ్డంగా ఊపింది. "ఆయన చెప్పలేదక్కా. పాపం, ఆయన ఎవరితోనూ అనలేదు."

"మరి?"

కూతురు తల కొద్దిగా పక్కకి వంచింది. మిషన్ పక్కన గోడవారగా, ఎవరూ లేని చోటికి. అక్కడెవరో తీరిగ్గా మాట్లాడుతుంటే వింటున్నట్టు. "ఊ" అంది ఒకసారి. కాసేపాగి మళ్ళీ "ఊ" అంది.

తర్వాత ఇటు తిరిగి, ఎంతో మర్యాదగా నవ్వింది.

"తొందరేం లేదంట అక్కా. నీ ఇల్లు తెలుసంట."